కోట శ్రీనివాసరావు: యాసతో మొదలయ్యే నటన

కోట శ్రీనివాసరావు (1942–2025) విలన్‌గా, హాస్యనటుడిగా, క్యారెక్టర్ నటుడిగా తెలుగు తెరపై నాలుగు దశాబ్దాలకు పైగా కొనసాగారు. కృష్ణా జిల్లా కంకిపాడులో పుట్టిన ఆయన స్టేట్ బ్యాంకులో ఉద్యోగం చేస్తూనే నాటకాలు వేశారు. హైదరాబాదు నాటకరంగంలో ఇలాంటి ఉద్యోగుల పాత్ర పెద్దది. పగలు ఆఫీసులో పనిచేసి, సాయంత్రం రిహార్సల్ చేసుకుని, రవీంద్రభారతిలోనో చిక్కడపల్లి త్యాగరాయ గానసభలోనో ప్రదర్శన ఇచ్చే సమాజాలు ఎన్నో ఉండేవి. సి.ఎస్.రావు నాటకం ‘ప్రాణం ఖరీదు’ను 1978లో కె.వాసు సినిమాగా తీసినప్పుడు కోట తెరకెక్కారు. చిరంజీవి సినిమాల్లో మొదట విడుదలైందీ అదే.

నాటకంలో క్లోజప్ ఉండదు. వెనక వరుసకు పాత్ర అందాలంటే గొంతే ఆధారం. కోట నటనలో మాటకు మొదటి స్థానం దక్కడానికి ఈ అలవాటే పునాది. టి.కృష్ణ ‘ప్రతిఘటన’ (1985)లో మంత్రి కాశయ్యగా తెలంగాణ యాస మాట్లాడి ఆయన పేరు తెచ్చుకున్నారు. ‘గణేష్’ (1998)లో మంత్రి సాంబశివుడి క్రౌర్యం కూడా అరుపుల కన్నా మాట విరుపులోనే ఎక్కువగా కనిపిస్తుంది. తెలంగాణ యాసను సినిమావాళ్లు విలన్లకు, హాస్యగాళ్లకే కేటాయించారన్న విమర్శ న్యాయమైనదే. అది కథలు రాసిన తీరుపై వచ్చిన విమర్శ, కోట యాస పలికిన తీరుపై కాదు.

మాట తర్వాత కోట నటనలో రెండో కిటుకు, నవ్వించే పాత్రను నవ్వకుండా చేయడం. జంధ్యాల ‘అహ నా పెళ్ళంట’ (1987)లో పిసినారి లక్ష్మీపతి, కోడిని వేలాడదీసి దాన్ని చూస్తూ ఉత్త అన్నం తింటాడు. అతని దృష్టిలో అది తెలివైన పొదుపు. నటుడు ఆ నమ్మకాన్ని ఎక్కడా సడలించడు కాబట్టే ప్రేక్షకుడికి నవ్వు ఆగదు. పక్కన బ్రహ్మానందం ఉడికిపోతున్న కొద్దీ కోట నిబ్బరం ఇంకా నవ్విస్తుంది.

లోభి పాత్రనే ‘ఆ నలుగురు’ (2004)లో ఆయన మరో దారి పట్టించారు. వడ్డీ వ్యాపారి కోటయ్యకు డబ్బే లోకం. రాజేంద్రప్రసాద్ పోషించిన రఘురామ్ మంచితనం అతన్ని కదిలిస్తుంది. ఆ మార్పు ఒక్కసారిగా రాదు. లెక్కలు చూసే మనిషి కొద్దికొద్దిగా లెక్క మరచిపోతాడు.

తమిళంలో ‘సామి’ (2003), హిందీలో ‘సర్కార్’ (2005) ఆయనను ఇతర భాషల ప్రేక్షకులకు చేర్చాయి. 1999లో విజయవాడ తూర్పు నుంచి ఆయన శాసనసభకు ఎన్నికయ్యారు. 2015లో పద్మశ్రీ అందుకున్నారు. 2025 జూలై 13న హైదరాబాదులో మరణించారు.

కథను నడిపేది నాయకుడైనా, ఆ కథ ఏ ఊళ్లో, ఎలాంటి మనుషుల మధ్య జరుగుతోందో తెలిపేది క్యారెక్టర్ నటుడే. మంత్రి, పిసినారి, వడ్డీ వ్యాపారి వంటి పాత్రలను ఒక్కొక్కటీ దాని మాటతీరుతోనే గుర్తుపట్టేలా చేయడం కోట సాధించిన పనితనం.