ముగింపు మార్చిన ధర్మవరం వకీలు

ధర్మవరం అంటే పట్టుచీరలని ఎవరైనా చెబుతారు. ఆ ఊరి పేరునే ఇంటిపేరు చేసుకుని, ‘ఆంధ్ర నాటక పితామహుడు’ అనిపించుకున్న రామకృష్ణమాచార్యులు (1853–1912) ఎందరికి గుర్తు?

ఆయన బళ్లారిలో వకీలు. అప్పట్లో ధర్మవరం ఉన్న ఈ సీమకు కోర్టయినా కచేరీ అయినా బళ్లారే. 1882లో అనంతపురం జిల్లా ఏర్పడేదాకా హిందూపురం, పెనుకొండ, ధర్మవరం కూడా బళ్లారి జిల్లాలోనివే. బళ్లారిలోనే ఆయన సరస వినోదినీ సభ పేరుతో నాటక సమాజం పెట్టి, తానే రాసి, తానే వేషం కట్టి, మిగతా నటులనూ తయారుచేశారు. ఇవాళ రచయిత, దర్శకుడు పంచుకునే పనంతా ఒక్కరే మోశారన్నమాట.

ఆయన పనితనం కలపడంలో ఉంది. ‘చిత్రనళీయం’ చూడండి. నాంది, ప్రస్తావన సంస్కృత నాటకానివి. అంకాన్ని రంగాలుగా విడగొట్టడం ఇంగ్లీషు పద్ధతి. పాటలేమో, ఊరూరా తిరిగిన పార్సీ, మరాఠీ సమాజాలు జనానికి అలవాటు చేసినవి. ఇప్పటి చెవికి ఆ పాటలు ఎక్కువే, ఒప్పుకోవాలి.

కానీ ‘విషాద సారంగధర’ దగ్గర ఆయన ఎవరూ చేయని సాహసం చేశారు. సవతితల్లి చిత్రాంగి నిందను నమ్మి రాజరాజు తన కొడుకు సారంగధరుడి కాళ్లుచేతులు నరికించడం అందరికీ తెలిసిన కథే. పాత కథలో సిద్ధుడి దయవల్ల అవి మళ్లీ వస్తాయి, ప్రేక్షకుడు కుదుటపడి ఇంటికి పోతాడు. నాటకం మంగళాంతం కావాలన్నది మనవాళ్ల నియమం కూడా. ఆచార్యులు ఆ ఊరట ఇవ్వలేదు. తొందరపడి తీర్పు చెప్పిన తండ్రికి దిద్దుకునే దారి లేకుండా చేశారు. తెలుగులో తొలి విషాదాంత నాటకం ఇదేనంటారు. తీర్పుల మధ్య బతికిన వకీలు ఈ కథనే ఎంచుకోవడం నాకు యాదృచ్ఛికం అనిపించదు.

1891లో ఆచార్యుల సమాజం మద్రాసు వెళ్లి ప్రదర్శనలిచ్చింది. చదువుకున్న, ఉద్యోగాలున్న పెద్దమనుషులు ముఖానికి రంగు పూసుకోవడం చూసి పమ్మల్ సంబంధ ముదలియార్ అనే యువకుడు ఆశ్చర్యపోయాడు. ఆ ఏడే ఆయన, మిత్రులు కలిసి సుగుణ విలాస సభ స్థాపించారు. తమిళ ఆధునిక నాటకానికి అలా మన బళ్లారి నుంచి నిప్పు అందింది.

బళ్లారిలోనే సుమనోరమ సభ నడిపిన కోలాచలం శ్రీనివాసరావు ఆచార్యులకు దీటైన పోటీ. 1565 యుద్ధంలో విజయనగరం కూలి రాజధాని పెనుకొండకు తరలింది కదా, ఆ పతనాన్నే ఆయన ‘రామరాజు చరిత్ర’గా రాశారు. అందులో పఠాను వేషంతో పేరు మోసిన బళ్లారి రాఘవ మన ఆచార్యుల మేనల్లుడే.

హిందూపురం, పెనుకొండ పల్లెల్లో జాతరకు హార్మోనియం పెట్టి పౌరాణికాలు ఆడేవాళ్లు ఇంకా ఉన్నారు. వాళ్లకో విన్నపం: ఒక్క ఏడాది కురుక్షేత్రం పక్కనపెట్టి ‘విషాద సారంగధర’ ఎత్తుకోండి. సగం పాటలు తీసేసినా ఫరవాలేదు, ముగింపు మాత్రం ముట్టుకోకండి.