యోబు మిత్రులు

భగవంతుడు దయామయుడైనచో నిర్దోషికి దుఃఖమేల కలుగుచున్నది? బ్రహ్మసూత్రముల రెండవ యధ్యాయము, మొదటి పాదము, 34వ సూత్రమున కీ ప్రశ్నయే విషయము. వాన యొక్కటియే యైనను వరివిత్తునుండి వరియు, యవవిత్తునుండి యవలును మొలచునట్లు, ఈశ్వరుడు సముడయ్యును జీవుల కర్మభేదముచే ఫలభేదము కలుగునని శంకరులు భాష్యమున సమాధానము చెప్పిరి. తర్కమున కిది గట్టి యుత్తరమే. కాని దుఃఖితుని యెదుట దీనిని వల్లించినచో నేమగును? బైబిలునందలి యోబు గ్రంథము విచారించున దిదియే.

యోబు నీతిమంతుడు. ఒక్క దినముననే సంపదయు, పదుగురు బిడ్డలును పోయిరి; పిమ్మట దేహమంతయు కురుపులు లేచెను. మిత్రులు మువ్వురు వచ్చి, యేడు పగళ్లు, ఏడు రాత్రులు మాటలాడక యాతనితో నేలపై కూర్చుండిరి. తరువాత నోరు విప్పిరి. పాపము లేక శిక్ష లేదనుటయే వారి వాదసారము. వారి పలుకులలో భక్తికి కొదువ లేదు, ఉపమానములును మనోహరములే. అయినను తుదకు సుడిగాలినుండి పలికిన దేవుడు యోబు అజ్ఞానమును మాత్రమే యెత్తిచూపెను. కోపించినది తన పక్షమున వాదించిన మిత్రులపైననే. బాధకు కారణ మెవ్వరికిని జెప్పలేదు.

గ్రంథమున లోపము లేకపోలేదు. ముగింపున 7,000 గొఱ్ఱెలు 14,000 అయినవి. 3,000 ఒంటెలు 6,000 అయినవి. బిడ్డలు మరల పదుగురు పుట్టిరి. గొఱ్ఱెకు గొఱ్ఱె బదులగును గాని, బిడ్డకు బిడ్డ బదులగునా? కథలో నొక్కమారు మాత్రమే మాటలాడిన యా తల్లి ముగింపున గానరాదు. ఆమె నడిగియున్నచో కవి యింత సులభముగా కథను ముగింపజాలకుండును.

కొన్ని యేండ్ల క్రిందట నా శిష్యుని తమ్ముడు చెఱువులో మునిగి మరణించెను. పరామర్శకు బోయి, “అంతా ప్రారబ్ధమమ్మా” అంటిని. “పంతులుగారూ, ఆరేండ్ల పసివాడు ఏ పాపము చేసినాడండీ?” అని యా తల్లి యడిగెను. నాకు నోట మాట రాలేదు. ఆ సిద్ధాంతము నా నిస్సహాయతను కప్పిపుచ్చుకొనుటకే నా కక్కఱకు వచ్చినదని యింటికి వచ్చిన పిమ్మట దెలిసినది.

దేవుడు మంచివాడని యీ గ్రంథము తర్కముచే నిరూపింపదు. కాని ఆర్తుని మొరను సహించి, యాతనిపై నేరము మోపినవారిని మందలించిన దేవుని నేను నమ్మగలను. కర్మసిద్ధాంతమును నా కష్టమునకు నేను చెప్పుకొందును గాక. పొరుగువారి కష్టమునకు జెప్పుట మిత్రుల తప్పునే మరల చేయుట. వారు చేసిన మేలు, నేలపై గూర్చున్న యా యేడు దినములే.