కత్తెర ఎక్కడ పడుతుంది?

మా గురించి తీసిన డాక్యుమెంటరీలో మొదటి షాట్ ఏముంటుందో చూడకముందే చెప్పగలం. మినారు. తర్వాత అజాన్. ఆ తర్వాత వరసగా వంగిన వీపులు, తెల్ల టోపీలు. చివరికి నల్ల బుర్ఖాలో ఓ ఆడమనిషి, కళ్లనిండా నీళ్లు. ఆమె నోరు తెరిచేలోపు బొమ్మ మారిపోతుంది. ఎవరిదో గంభీరమైన గొంతు ఆమె బాధేమిటో మనకు చెప్పడం మొదలుపెడుతుంది.

ఈ తప్పంతా కెమెరాదని ఇన్నాళ్లూ అనుకున్నాం. కానీ ఆమె మాటలూ కెమెరాలో పడే ఉంటాయి కదా! ఎడిటింగ్ బల్ల దగ్గర ఎవరో అవి అక్కర్లేదనుకున్నారు. అందుకే తీసిందెవరు అని అడిగే మేం, కూర్చిందెవరు అని కూడా అడగాలి.

ఆ ప్రశ్నతోనే జబీన్ మర్చంట్ పని గురించి మాట్లాడుతున్నాం. 'మనోరమ సిక్స్ ఫీట్ అండర్' (2007), 'ఎన్‌హెచ్ 10' (2015) లాంటి కథాచిత్రాలకు ఆమె ఎడిటర్. డాక్యుమెంటరీల్లో ఆమె చేసిన పనిలో మాకు దగ్గరిది 'ఇన్వోకింగ్ జస్టిస్' (2011). దాని దర్శకురాలు దీపా ధన్‌రాజ్. 1984 హైదరాబాద్ మతకల్లోలాల మీద 'క్యా హువా ఇస్ షహర్ కో' (1986) తీసింది ఈమే.

'ఇన్వోకింగ్ జస్టిస్' తమిళనాడు ముస్లిం స్త్రీల జమాత్ గురించి. ఆడవాళ్ల కాపురాల తగాదాలు మగవాళ్ల జమాత్‌లో తేలతాయి. అక్కడ ఆడవాళ్లకు కూర్చునే చోటు లేదు. షరీఫా ఖానం, ఆమెతో ఉన్న స్త్రీలు 2004లో తమ జమాత్ తాము పెట్టుకున్నారు. చిత్రం వచ్చేనాటికి అది 12 జిల్లాలకు పాకింది. 12,000 మంది సభ్యులు, పరిష్కరించిన తగాదాలు 8,000 పైనే. తలాక్, మొగుడి దెబ్బలు, హత్యలు కూడా.

ఈ సరుకు ఇంకొకరి చేతిలో పడితే ఏమయ్యేదో మాకు తెలుసు. ఏడుపులన్నీ ఏరి, ఒకదాని పక్కన ఒకటి అతికించి, ఇస్లాంలో ఆడదాని గతి ఇదీ అని తేల్చేసేవాళ్లు. 86 నిమిషాల ఈ చిత్రంలో ఫిర్యాదు తెచ్చిన స్త్రీ ఉంది, ఆ ఫిర్యాదు విని, వాదించి, తీర్పు చెప్పే స్త్రీ కూడా ఉంది. ఇద్దరూ ముస్లింలే. కన్నీటి దగ్గర కోసేస్తే ఆమె బాధితురాలు. ఇంకాసేపు ఆగితే న్యాయం అడిగే మనిషి. ఇంకా ఆగితే న్యాయం చెప్పే మనిషి. కత్తెర ఎక్కడ పడుతుందన్న దాంట్లోనే మా అస్తిత్వం ఉంది.

మాది నెల్లూరు జిల్లా పడమటి మెట్ట. ఉదయగిరి పక్క కలిగిరి మండలంలో దూబగుంట ఉంది. 1992లో వర్ధినేని రోశమ్మ, ఆ ఊరి ఆడవాళ్లు సారా కొట్టు మీదికి లేచారు. 1993 అక్టోబరు 1న రాష్ట్రంలో సారా నిషేధం వచ్చింది. ఆ ఉద్యమం అనగానే అందరికీ గుర్తొచ్చేవి చీపుర్లు, పగిలిన సారా కుండలు. అంతకుముందు అక్షరదీపం బడిలో కూర్చుని సీతమ్మ కథ చదివి, తమలో తాము మాట్లాడుకున్న రాత్రులు ఎవరికీ గుర్తు రావు. ఆవేశం మిగులుతుంది, ఆలోచన కత్తెరకు పోతుంది.

ఆత్మకూరు దగ్గర ఎ.ఎస్.పేట దర్గాదీ అదే గతి. మతి చెదిరిన బిడ్డల్ని తీసుకుని అన్ని మతాలవాళ్లూ అక్కడికి వస్తారు. కెమెరా ఊగిపోయే తలల్నే వెతుక్కుంటుంది. ఆ పక్కనే బొట్టు పెట్టుకున్న అమ్మ, బుర్ఖా వేసుకున్న అమ్మ ఒకే చెట్టు కింద కూర్చుని, మీ పిల్లాడికి ఎన్నాళ్లనుంచమ్మా అని అడిగి తెలుసుకుంటుంటారు. ఆ మాటలు కూడా ఉంచే ఎడిటర్ మాకు కావాలి.

ఇలాంటి చిత్రాలు మన పరువు బజారున పెడతాయని మాలోనే కొందరంటారు. ఆ భయం ఉత్తిదేం కాదు. 2017 ఆగస్టు 22న సుప్రీంకోర్టు ముమ్మారు తలాక్ చెల్లదంది. 2019లో దాన్ని నేరం చేస్తూ చట్టం వచ్చింది. ఆ రెండేళ్లలో మా ఆడవాళ్ల కన్నీళ్లను ఎవరెవరు వాడుకున్నారో చూశాం. ఈ చిత్రంలోంచి కూడా రెండు నిమిషాలు కోసి వాడుకోవచ్చు. కానీ పరువు పేరుతో ఆమె మాట మేమే కత్తిరిస్తే, మాకూ వాళ్లకూ తేడా ఏముంది? చేయి మారింది, కత్తెర అదే.

ఈ చిత్రం మీద మాకో ఫిర్యాదు లేకపోలేదు. తమిళ స్త్రీల గోడుకు ఇంగ్లీషు పేరెందుకు? ఆ పేరు పండగల్లో సినిమాలు చూసేవాళ్లను పిలుస్తుంది గానీ, జమాత్ గుమ్మం బయట నిలబడ్డ మనిషిని పిలవదు.

ఇవాళ కూర్పు పనికి పెద్ద బల్ల అక్కర్లేదు, సెల్‌ఫోన్ చాలు. ఉదయగిరిలో కొయ్య చెంచాలు చెక్కే ఇళ్లలోనూ అది ఉంది. మా ఆపాలు, మా చెల్లెళ్లు మాట్లాడింది వాళ్లే తీసి, వాళ్లే కూర్చే రోజు రావాలి. అప్పుడు మొదటి షాట్ మినారు అవుతుందో కాదో వాళ్లు తేల్చుకుంటారు.