సముద్రగర్భ పరిశోధనయు అనుపలబ్ధి ప్రమాణమును: వైవిల్ థామ్సన్ గ్రంథముపై ఒక విమర్శ

సముద్రవర్ణనలలో మనకు తరచుగా తారసపడు విశేషణము ‘అగాధము’. గాధమనగా కాలు ఆను చోటు. అగాధమనగా కాలు ఆననిది. అడుగు లేనిదని దాని యర్థము కాదు. దిగినవానికి అడుగు అందలేదని మాత్రమే యర్థము. ‘అందలేదు’, ‘లేదు’ అను రెండు మాటలకు గల ఈ భేదమును మరచుట వలన పందొమ్మిదవ శతాబ్దిలో సముద్రశాస్త్రమున ఒక పెద్ద భ్రాంతి ప్రబలెను. దానిని తొలగించిన రచనలలో చార్లెస్ వైవిల్ థామ్సన్ 1873లో ప్రకటించిన ‘ది డెప్త్స్ ఆఫ్ ది సీ’ ముఖ్యమైనది. అయితే ఆ గ్రంథమే వేరొక భ్రాంతికి చోటిచ్చినది. ఈ రెండింటిని మన ప్రమాణశాస్త్ర పరిభాషతో పరిశీలించుట ఈ వ్యాసమున మా యుద్దేశము.

పూర్వపక్షము ఎడ్వర్డ్ ఫోర్బ్స్‌ది. ఆయన 1841–42లో ‘బీకన్’ అను నౌకపై ఈజియన్ సముద్రమున డ్రెడ్జితో, అనగా ఇనుప చట్రమునకు సంచి కట్టి సముద్రపుటడుగున ఈడ్చు సాధనముతో, 230 బారల లోతువరకు శోధించెను. (ఆరడుగుల ఫాథమ్‌ను ఇచట బార యనుచున్నాము.) లోతు పెరిగినకొలది ప్రాణిజాతులు తగ్గుచుండుట చూచి, ఆ తగ్గుదలనే క్రిందికి పొడిగించి, సుమారు 300 బారలకు దిగువ ప్రాణి యుండదని ఊహించెను. ఆయనకు అది ఊహ. తరువాతివారికి అది సిద్ధాంతమయ్యెను. వెలుగు లేనిచోట, అంత నీటిబరువు క్రింద, అంత చలిలో ప్రాణి యెట్లు బ్రతుకునను తర్కము దానికి తోడ్పడెను.

ప్రతికూల సాక్ష్యము లేకపోలేదు. 1818లో జాన్ రాస్ బాఫిన్ అఖాతమున లోతు కొలుచుచుండగా త్రాటికి నక్షత్రమత్స్యమును పోలిన ప్రాణి చిక్కుకొని వచ్చెను. అది నడిమి నీటిలో తగులుకొన్నదేమోయని సందేహించుటకు వీలుండెను. 1860లో మధ్యధరా సముద్రమున వేయి బారలకు మించిన లోతునుండి పైకి తీసిన తంతితీగకు ప్రాణులు అంటుకొని పెరిగియుండెను. ఈ సాక్ష్యమును త్రోసివేయుట సులభము కాకపోయెను.

థామ్సన్ గ్రంథము 1868లో ‘లైట్నింగ్’, 1869, 1870లలో ‘పోర్కుపైన్’ నౌకలు చేసిన శోధనల వృత్తాంతము. 1869 జులైలో బిస్కే అఖాతపు దిక్కున 2,435 బారల (సుమారు 4,450 మీటర్ల) లోతునకు డ్రెడ్జిని దింపిరి. అది తిరిగి నౌక చేరుటకు ఏడు గంటలకు పైగా పట్టెను. వచ్చిన బురదలో సజీవప్రాణులుండెను. ఫోర్బ్స్ గీచిన గీతకు ఎనిమిది రెట్ల లోతున జీవమున్నదని దానితో తేలిపోయెను.

కాని ఈ గ్రంథపు విలువ ఆ ఫలితమున మాత్రమే లేదు. లోతు కొలుచుటకు ఒక అధ్యాయము, డ్రెడ్జికి ఒకటి, ఉష్ణోగ్రతకు ఒకటి కేటాయించి, తన సాధనము ఎంతవరకు నమ్మదగినదో థామ్సన్ పాఠకునికి విప్పి చెప్పును. లోతున నీటి ఒత్తిడికి ఉష్ణమాపకపు గాజుబుడ్డి నొక్కుకొనిపోయి అసలుకంటె హెచ్చు వేడిని చూపును; అందువలన రెండు పొరల బుడ్డి అవసరమయ్యెను. డ్రెడ్జిసంచి తరచు దాదాపు ఖాళీగా వచ్చుచు, దాని వెలుపలి భాగమునకు ప్రాణులు అంటుకొనియుండుట కెప్టెన్ కాల్వర్ గమనించెను. నౌక కడుగు జనపనార కుచ్చులను ఆయన డ్రెడ్జికి కట్టించగా వానికి చిక్కుకొని ప్రాణులు విశేషముగా వచ్చెను. సంచి ఖాళీగా ఉన్నంతమాత్రమున అడుగు ఖాళీ కాదని ఇంతకంటె స్పష్టముగా చెప్పు దృష్టాంతము మాకు కనబడలేదు.

భాట్టమీమాంసకులును అద్వైతులును అనుపలబ్ధిని, అనగా కనబడకుండుటను, అభావజ్ఞానమునకు ప్రమాణముగా అంగీకరించిరి. కాని ఏ అనుపలబ్ధియైనను చాలదు, యోగ్యానుపలబ్ధి కావలెను. వస్తువున్నచో తప్పక కనబడియుండునను పరిస్థితిలో కనబడకున్నప్పుడే అది లేదనవలెను. వెలుగున్న గదిలో కుండ కనబడనిచో కుండ లేదు. చీకటి గదిలో కనబడనిచో ఏమియు తేలదు. ఈజియన్ సముద్రపు నీరు పోషకములు తక్కువైనది. అచట జీవము సహజముగనే పలుచన. ఫోర్బ్స్ వాడిన సాధనమును సమర్థమైనది కాదు. ఆయన చూచినది చీకటి గది.

ఇక గ్రంథపు దోషమును చెప్పవలెను. 1857లో ‘సైక్లోప్స్’ నౌక తెచ్చిన అట్లాంటిక్ బురదను సారాయిలో నిలువయుంచిరి. 1868లో హక్స్‌లీ దానిని సూక్ష్మదర్శినితో చూచి, అందులోని జిగురువంటి పదార్థము ఆదిమజీవమని తలచి ‘బాథీబియస్’ అని పేరిడెను. జడమునకు, జీవమునకు నడిమి మూలద్రవ్యమును పలువురు వెదకుచున్న కాలమది. థామ్సన్ కూడ దానిని సజీవముగా గ్రహించి తన గ్రంథమున వర్ణించెను. తరువాత ఆయన నాయకత్వముననే ‘చాలెంజర్’ నౌక 1872 డిసెంబరు మొదలు 1876 మే వరకు మహాసముద్రములను శోధించినప్పుడు అప్పుడే తీసిన బురదలో ఆ జిగురు కనబడలేదు. 1875లో నౌకలోని రసాయనశాస్త్రజ్ఞుడు బుకానన్, సముద్రజలమున గాఢమైన సారాయి కలిపినచో కాల్షియమ్ సల్ఫేటు జిగురుగా విడివడునని నిరూపించెను. థామ్సన్ ఈ సంగతిని స్వయముగా హక్స్‌లీకి వ్రాయగా, ఆయన బహిరంగముగా అంగీకరించెను.

ఇది కరణదోషజన్యమైన భ్రమ. పిత్తదోషము కలవానికి శంఖము పసుపుపచ్చగా తోచును. ఆ పసుపు శంఖమునది కాదు, కంటిది. వలను పరీక్షించిన థామ్సన్ సీసాను పరీక్షింపలేదు. ‘లేదు’ అను వాక్యముపై ఆయన చూపిన జాగరూకత ‘ఉన్నది’ అను వాక్యముపై చూపియుండిన ఆ గ్రంథము నిర్దుష్టమైయుండెడిది.

పాశ్చాత్యశాస్త్రగ్రంథమును మన ప్రమాణపరిభాషతో తూచుట తగునా యని ఆక్షేపింపవచ్చును. ఫోర్బ్స్, హక్స్‌లీల పొరపాట్లు రెండును జ్ఞానసాధనమునకు సంబంధించినవి. జ్ఞానసాధనవిచారము ఏ యొక్క దేశపు సొత్తును కాదు. పైగా సాహిత్యపరిశోధకులకును ఇది అవసరము. నన్నయకు పూర్వము తెలుగున పద్యరచన లేదను మాట కావ్యములను మాత్రమే చూచి చెప్పదగినది. అద్దంకి శాసనమున తరువోజయు, బెజవాడ యుద్ధమల్లుని శాసనమున మధ్యాక్కరలును బయటపడిన పిదప అది నిలువలేదు. ఒక పదము ఫలానా శతాబ్దికి పూర్వము లేదని వ్రాయు విద్యార్థి, తాను ఎన్ని ప్రతులు చూచెనో, ఎట్టి ప్రతులు చూచెనో ముందుగా తెలుపవలెను. తాళపత్రమున ఒక పాఠము కనబడినదని వ్రాయువాడు అది కవిదో, లేఖకునిదో విచారింపవలెను.

1977లో గాలపగోస్ ప్రాంతమున సుమారు 2,500 మీటర్ల లోతున, సూర్యకాంతితో పనిలేక భూగర్భరసాయనములపై ఆధారపడు ప్రాణిసముదాయము కనబడెను. 2025 నాటికి సముద్రపుటడుగున నాలుగవ వంతునకు కొంచెము మించిన భాగమే ఆధునిక పద్ధతులతో కొలువబడినది. కావున ఆ విషయమున ‘లేదు’ అను మాటను వాడుటకు ముందు, వెదకిన సాధనమేదో, వెదకిన చోటెంతయో చెప్పుట నేటికిని విధియే.