దారి తప్పింది ఎవరు?

వాత్స్లావ్ బెనెష్ త్రెబీజ్‌స్కీ (1849–1884) చెక్ చారిత్రక నవలాకారుడు. పల్లెటూరి దర్జీ కొడుకు. త్రెబీజ్ అనే సొంత ఊరినే కలంపేరు చేసుకున్నాడు. 1875లో కేథలిక్ ఫాదర్ అయ్యాడు, ముప్పై నాలుగేళ్ళకే క్షయతో పోయాడు.

చిక్కేంటంటే, ఈ ఫాదర్ రాసినవాటిలో చాలా తన చర్చి చేతిలో ఓడినవాళ్ళ గురించే. 1415లో చర్చి సభ మతద్రోహి అని తేల్చాక కాల్చేసిన యాన్ హుస్ అనుచరులు ఆయనకి వీరులు. 1620లో బిలా హొరా యుద్ధంలో ఓడి, దేశం విడిచిన ప్రొటెస్టెంట్ల మీద ఏకంగా ఎలిజీలే రాశాడు.

1775 నాటి రైతు తిరుగుబాటు మీద ఆయన నవల ‘బ్లుద్నే దుషె’, అంటే దారి తప్పిన ఆత్మలు. ఆ తిరుగుబాటు ‘రొబోటా’ మీద, అంటే దొరల పొలాల్లో వెట్టి మీద. (1920లో చాపెక్ నాటకంలో ‘రోబో’ అయింది ఈ మాటే.) చెక్‌లో ‘బ్లుద్’ అంటే మతం ఒప్పుకోని తప్పుడు నమ్మకం కూడా. చర్చి వాడే నిందనే ఫాదర్ తన పుస్తకానికి పేరుగా పెట్టాడు. దారి తప్పింది రైతులా, వాళ్ళని అలా అన్నవాళ్ళా?

లోపాలు లేవనను. కన్నీళ్ళు ఎక్కువ, పాత్రలు మరీ తెలుపూ నలుపూ. కానీ చారిత్రక నవల అంటే మనవాళ్ళ గొప్పలే అయిపోయిన ఈ రోజుల్లో, మనవాళ్ళు చేసిన గాయాన్ని లోపల ఉండే చెప్పడం నాకు పెద్ద విషయం.

ప్రాగ్‌లోని విషెహ్రాద్‌లో ఆయన సమాధి మీద బీలెక్ చెక్కిన శిల్పం పేరు ‘దుఃఖం’. సరైన పేరే.