వాచికము లేని అభినయము: ఎల్. వి. ప్రసాదు నటజీవితము

భరతుడు అభినయమును ఆంగికము, వాచికము, ఆహార్యము, సాత్త్వికము అని నాలుగు విధములుగా విభజించెను. మూకచలనచిత్రము ఇందు వాచికమును విడిచి తక్కిన మూటితో నడచిన నాట్యము. ఇట్టి కళ కృష్ణామండలమున అడుగిడునాటికి అచ్చటి రంగస్థలమునకు వాచికమే ప్రాణము. పద్యమును రాగయుక్తముగా చదివి సభవారిచే ‘వన్సుమోర్’ అనిపించుకొన్నవాడే నటుడు. మైలవరము నాటకసమాజము మొదలు తెనాలి సభల వరకు కీర్తికి కొలమానము కంఠమే. కావున మూకచిత్రము మన సీమకు వచ్చినది, పోయినది, మన నటనపై దాని ముద్ర ఏమియు లేదని పలువురు తలతురు. ఈ తలంపు సగము సత్యము. తక్కిన సగమును అక్కినేని లక్ష్మీవరప్రసాదరావు, అనగా ఎల్. వి. ప్రసాదు, నటజీవితమునందు వెదకవలసి యున్నది.

మొదట సత్యమైన సగము. 1921 సం.న రెండు కార్యములు జరిగినవి. బెజవాడలో పోతిన శ్రీనివాసరావు మారుతీ సినిమాహాలును నెలకొల్పెను. చెన్నపురిలో, మచిలీపట్టణమున పుట్టిన రఘుపతి వెంకయ్యయు, ఇంగ్లండున చిత్రవిద్య నేర్చి వచ్చిన ఆయన కుమారుడు ప్రకాశును కలిసి ‘భీష్మప్రతిజ్ఞ’ అను మూకచిత్రమును నిర్మించిరి. భీష్మపాత్రను ప్రకాశు తానే ధరించెను. గంగపాత్రను ధరించినది పెగ్గీ కాస్టెల్లో అను వనిత. మాట అక్కరలేని నాట్యము గనుకనే అట్టి కూర్పు సాధ్యమయ్యెను. కథ మనది, నిర్మాతలు మనవారు. అయినను కృష్ణాతీరపు పద్యనటునకు అందు పని లేదు. అతని ధనమంతయు కంఠమున నున్నది, తెరకు కంఠము లేదు. ప్రేక్షకులు సైతము మాట లేని కథను ఓర్వలేకపోయిరి. తెరప్రక్కన ఒకడు నిలిచి కథను బిగ్గరగా చెప్పుచుండవలసి వచ్చెను.

కూచిపూడి ఈ మండలమునందే యుండగా ఆంగికమునకు లోటేమి అని శంకింపవచ్చును. కూచిపూడి హస్తములు, నేత్రములు పదము ననుసరించి నడచును. పాట తీసివేసినచో ఆ చేతులు పలుకు అర్థము చాలవరకు మరుగుపడును. ఆ ఆంగికమును వాచికపు నీడయే గాని దానికి బదులు కాదు.

ఇక రెండవ సగము. ప్రసాదు జన్మస్థానము ఏలూరి చెంతనున్న సోమవరప్పాడు. చదువునం దతనికి శ్రద్ధ కుదరలేదు. ఊరికి వచ్చు నాటకములపైనను, డేరాలలో ఆడు మూకచిత్రములపైనను మనసు నిలిచెను. తుదకు ఇంటివారికి చెప్పకయే బొంబాయి చేరి, చిత్రసంస్థలలో చిల్లరపనులు చేయుచు, అఖ్తర్ నవాజ్ దర్శకత్వమున ‘స్టార్ ఆఫ్ ది ఈస్ట్’ అను మూకచిత్రమున ఒక చిన్న వేషమును సంపాదించెను. పద్యవిద్య లేనివాడు, రంగస్థలకీర్తి లేనివాడు, అచ్చటి భాష రానివాడు. ఈ లోపములు మూడును మాట లేని తెరమీద లోపములు కాలేదు. మన డెల్టా నటులకు మూసికొనియున్న ద్వారము ఇతనికి తెరచికొనుటకు కారణ మిదియే.

అంతలో శబ్దము వచ్చెను. 1931 సం. మార్చి 14వ తేదీన విడుదలయైన ‘ఆలం ఆరా’లోను, ఆ యేటనే వచ్చిన ‘కాళిదాసు’లోను, 1932 సం. ఫిబ్రవరిలో వచ్చిన ‘భక్తప్రహ్లాద’లోను ప్రసాదు చిన్న పాత్రలు ధరించెను. హిందీ, తమిళ, తెలుగు తొలిపలుకుల చిత్రములు మూటియందును కనిపించుట అతని విశేషము. కాని ‘భక్తప్రహ్లాద’లో హిరణ్యకశిపుడు మునిపల్లె సుబ్బయ్య, లీలావతి సురభి కమలాబాయి, అనగా ముఖ్యపాత్రలు రంగస్థలమువారివే. కంఠము తన రాజ్యమును తిరిగి పొందెను. 1933 సం. ‘సతీసావిత్రి’లో యముడుగాను, 1935 సం. ‘శ్రీకృష్ణలీలలు’లో కంసుడుగాను వేమూరి గగ్గయ్య గడించిన కీర్తి ఆ రాజ్యమునకు పట్టాభిషేకము.

ఈ రెండు మార్గముల తారతమ్యము 1940 సం.న స్పష్టమగును. ఆ యేట రఘుపతి ప్రకాశే ‘చండిక’కును, ‘బారిష్టరు పార్వతీశము’నకును దర్శకుడు. మొదటిదానిలో గిరిరాజు గగ్గయ్య. రెండవదానిలో పార్వతీశము లంక సత్యము, ప్రసాదు మరియొక పాత్రధారి. మొక్కపాటి నరసింహశాస్త్రి పార్వతీశమునకు తన అమాయకత్వము తనకు తెలియదు. ఎరుగని ఓడలో, ఎరుగని వీధులలో బెదరుచు, బెదరనట్లు నడచుటయే అతని హాస్యము. గర్జించు కంఠము ఇట్టి పాత్రను చంపును. తడబడు అడుగు, తత్తరపడు చూపు దానికి జీవము. భాష రాని మహానగరమున మూకచిత్రములలో తిరిగిన డెల్టా యువకునికి ఇట్టి చిత్రమున వేషము దక్కుట మిగుల ఉచితము. ఇందు గగ్గయ్యను తక్కువ చేయుట అనుచితము. యమునకు, కంసునకు వాచికమే బలము. ఆ పాత్రలు ముఖకవళికలతో మాత్రమే నిలువవు. క్షేమేంద్రుడు చెప్పిన ఔచిత్యమే ఇచ్చట ప్రమాణము. ప్రసాదు నటుడుగా గగ్గయ్యంతటి ఖ్యాతి పొందలేదను మాటయు ఒప్పుకొనదగినదే.

అయినను అతని నటవిద్య నటనతో ముగియలేదు. దర్శకుడైన పిమ్మట పాత్రధారులకు ప్రతి సన్నివేశమును తాను నటించి చూపుట ప్రసాదు పద్ధతి. అందుచే అతని శిక్షణ ఇతరుల ముఖములందు ఫలించెను. 1950 సం. ‘షావుకారు’లో చంగయ్య పాత్రధారి గోవిందరాజుల సుబ్బారావు రంగస్థలమున పండినవాడు. అచ్చట అతడు పద్యము లేక, గర్జన లేక, పట్టుదలచే ఇరుగుపొరుగు స్నేహమును పోగొట్టుకొను పల్లెటూరి వడ్డీవ్యాపారిగా కనిపించును. 1955 సం. ‘మిస్సమ్మ’లో ఈ విద్య పరాకాష్ఠ నందెను. ఉద్యోగమునకై భార్యాభర్తలమని బొంకిన ఇరువురు జమీందారు ఎదుట పలుకు పలుకులు అసత్యములు. వారి చిరాకు, సంకోచము, పిమ్మట పుట్టిన అనురాగము ముఖములందే సత్యములు. వాచికము ఒకటి చెప్పుచుండ సాత్త్వికము వేరొకటి చెప్పును. ఆ రెంటి విరోధమే హాస్యరసమునకు మూలము. కంఠమునే నమ్మిన నాటకమున ఇట్టి కల్పన నిలువదు. మాట లేకయు ముఖము మాటాడునని నేర్చినవాడే మాటను ముఖముచే ఖండింపించగలడు.

1981 సం.న, ‘ఆలం ఆరా’ వచ్చిన ఏబదియేండ్లకు, ప్రసాదు ‘రాజపార్వై’ అను తమిళచిత్రమున తాతవేషము ధరించి మరల నటుడుగా మెప్పు పొందెను. 1982 సం.నకు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారము లభించెను. 1994 సం.న అతడు మరణించెను.

కావున తెలుగువారి అభినయచరిత్ర వ్రాయువారు నాటకమునుండి నేరుగా మాటల చిత్రమునకు దాటుట పొరపాటు. పద్యనాటకము మనకు గగ్గయ్య కంఠము నిచ్చినది. ఆ కంఠమును అదుపుచేసి ముఖమునకు తావిచ్చిన సంయమనము వేరొక మూలమునుండి వచ్చినది. ఆ మూలము, కృష్ణామండలము తనది కాదనుకొన్న మూకచిత్రమే.