గోడ మీద పూర్తయ్యే యంత్రం

ఫ్రిజ్ ఇంటికి వచ్చేసరికే పూర్తయిన వస్తువు. ప్లగ్గు పెడితే చాలు. స్ప్లిట్ ఏసీ అలా కాదు, రెండు పెట్టెల్లో అసంపూర్తిగా వస్తుంది. లోపలి యూనిట్‌నూ బయటి యూనిట్‌నూ రాగి పైపులతో కలిపి, ఆ దారిలోని గాలంతా తోడేసి, గ్యాస్ వదిలాకే అది ఏసీ అవుతుంది. ఫ్యాక్టరీ మిగిల్చిన ఆ పనిని మన గోడ దగ్గర స్టూలెక్కి ఒక మెకానిక్ పూర్తి చేస్తాడు. మనం స్టార్లు చూస్తాం, ధర చూస్తాం. ఆ ఏసీ ఏళ్ల తరబడి నిలుస్తుందా, రెండో వేసవికే చల్లదనం తగ్గుతుందా అన్నది మాత్రం చాలావరకు ఆ కొద్ది గంటల చేతిపని మీదే ఆధారపడి ఉంటుంది. నాకు ఆ చేతిపని మీద అపారమైన గౌరవం.

మంచి మెకానిక్ ముందుగా గోడకు పెట్టే బెజ్జంలోనే తెలిసిపోతాడు. లోపలి నుంచి బయటికి కొద్దిగా వాలు ఉండేలా డ్రిల్లు పట్టుకుంటాడు. కోస్తాలో ఉక్కపోసే రాత్రి ఏసీ గాలిలోంచి పిండే నీళ్లు తెల్లారేసరికి బకెట్ నింపుతాయి. మామూలు ఇంటి ఏసీలో ఆ నీటిని తోసే మోటారేమీ ఉండదు, వాలే దానికి దిక్కు. డ్రెయిన్ పైపు మధ్యలో ఒక్కచోట పైకి లేచినా నీళ్లు అక్కడ నిలిచి, పాచి పట్టి, చివరికి మంచం మీద చుక్కలుగా పడతాయి. అందుకే అతను రసమట్టం పెట్టి యూనిట్ బిగించి, వెళ్లే ముందు లోపలి ట్రేలో ఒక చెంబు నీళ్లు పోసి, బయట ధారగా పడుతున్నాయో లేదో చూసుకుంటాడు.

ఇక అసలు నైపుణ్యమంతా ఫ్లేరింగ్‌లో ఉంది. రాగి పైపు చివరను గరాటు నోరులా విప్పి, ఇత్తడి నట్టుతో యూనిట్‌కు బిగించడమే ఫ్లేరింగ్. చెప్పడానికి ఇంతే. చేసేటప్పుడు చూడాలి. కట్టర్‌ను ఒక్కసారిగా బిగిస్తే పైపు నొక్కుకుపోయి గుండ్రం చెడుతుంది కాబట్టి ఒక్కో చుట్టుకు కాస్త కాస్త బిగిస్తూ కోస్తాడు. కోసిన అంచున లోపలికి తిరిగిన పదును మిగులుతుంది. దాన్ని గీకేటప్పుడు పైపు నోటిని కిందికి వంచి పట్టుకుంటాడు. రాగి రజను ఒక్క రవ్వ లోపల పడినా అది కంప్రెసర్ దాకా పోయి హాని చేయవచ్చు. నట్టును ముందే పైపుకు తొడగాలి, నోరు విప్పాక అది ఎక్కదు. అప్పుడు 45 డిగ్రీల మొనను నెమ్మదిగా దించుతాడు. నోరు చిన్నదైతే గ్యాస్ కారుతుంది, పెద్దదైతే నట్టు కూర్చోదు, తొందరపడితే అంచు చిట్లుతుంది. పూర్తయ్యాక వెలుతురుకెత్తి అంచు చుట్టూ చూస్తాడు. వెంట్రుకంత గీత కనిపించినా మళ్లీ కోయడమే. ఆ కోసి పారేసిన ముక్కను చూస్తే నాకు అతని మీద నమ్మకం రెట్టింపవుతుంది. నట్టును మొదట చేత్తోనే తిప్పి, ఆ తర్వాత రెండు స్పానర్లు తీసుకుంటాడు. ఒకటి నిలబెట్టడానికి, ఒకటి తిప్పడానికి. ఒక్క స్పానర్‌తో బిగిస్తే పైపు మెలిపడుతుంది.

చాలాచోట్ల ఎగ్గొట్టేది దీని తర్వాతి పనినే. పైపుల్లో మిగిలిన గాలినీ తేమనూ వ్యాక్యూమ్ పంపుతో లాగేయాలి. కొందరు పంపు తీసుకురాకుండా, బయటి యూనిట్‌లోని గ్యాస్ కాస్త వదిలి దాంతోనే గాలిని తరిమేస్తారు. గాలి ఎంత పోయినా తేమ పోదు. మిగిలిన తేమ కంప్రెసర్ నూనెతో కలిసి ఆమ్లంగా మారి లోపలి నుంచే తినేస్తుంది. పైగా ఇప్పటి ఏసీల్లో ఎక్కువగా ఉండే ఆర్-32 స్వల్పంగా మండే గుణమున్న వాయువు. భూతాపం పెంచడంలో కార్బన్ డయాక్సైడ్‌కు 675 రెట్లు. దాన్ని ఊరికే గాలిలోకి వదలడం తప్పు. పంపు సరిగ్గా పనిచేస్తే ఒత్తిడి ఎంతగా పడిపోతుందంటే, పైపులోని తేమ గది వేడికే మరిగి ఆవిరై బయటికి పోతుంది. పంపు ఆపాక మంచి మెకానిక్ వెంటనే గ్యాస్ వదలడు. గేజీ ముల్లు కదలకుండా ఉందా అని చూస్తూ కూర్చుంటాడు. "ఇంకా ఎంతసేపు తమ్ముడూ?" అని ఇంట్లోవాళ్లు అడుగుతారు. "ముల్లు చెప్పాలమ్మా" అంటాడు.

ఇంత చేసినా, బయటి యూనిట్‌కు ఊపిరాడకపోతే ఫలితం ఉండదు. పెట్టె మీద రాసిన సామర్థ్యం బయట 35 డిగ్రీలున్నప్పటి లెక్క. రెంటచింతలలో, రామగుండంలో మే నెల ఎండ దాన్ని అలవోకగా దాటుతుంది. అందుకే బయటి యూనిట్‌ను బాల్కనీ మూలలో ఇరికించకూడదు.

లోపలి యూనిట్‌లో నాకెంతో ఇష్టమైన భాగం ఆ పొడవాటి ఫ్యాన్. స్థూపం చుట్టూ సన్నని వంపు రెక్కలుండే ఈ రకం ఫ్యాన్‌కు 1893లోనే మోర్టియే అనే ఆవిష్కర్త పేటెంటు పొందాడు. గోడకు అంటుకునేంత పల్చని ఏసీ సాధ్యమైంది దానివల్లే. గాలి చప్పుడు లేకుండా, పొడవునా ఒకే తెరలా దిగేది ఆ రెక్కల వంపు వల్లే. దుమ్ము పేరుకునేదీ ఆ వంపుల్లోనే. వంపు నిండిందంటే ఫ్యాన్ తిరుగుతూనే ఉంటుంది, గాలి మాత్రం రాదు. సర్వీసింగ్‌కు వచ్చినవాడు ఫిల్టర్ కడిగి, ముందు భాగం తడిపి వెళ్లిపోతే సగం పనే అయినట్టు. పనితనమున్నవాడు సర్క్యూట్ బోర్డును కప్పి, కింద ప్లాస్టిక్ సంచి కట్టి, కాయిల్ మీది అల్యూమినియం రేకుల వెంట నిలువుగానే నీళ్లు కొడతాడు. అడ్డంగా కొడితే కాగితంలాంటి ఆ రేకులు వంగిపోయి గాలి దారి మూస్తాయి. తర్వాత ఫ్యాన్‌ను చేత్తో తిప్పుతూ రెక్క రెక్కా కడుగుతాడు. సంచిలోకి దిగే నల్లటి నీళ్లు చూస్తే మనం ఇన్నాళ్లూ ఏం పీల్చామో తెలుస్తుంది.

ఇంటివాళ్ల వంతు చిన్నదే. వేసవిలో రెండు వారాలకోసారి ఫిల్టర్ తీసి చన్నీళ్లతో కడిగి నీడన ఆరబెట్టాలి. రిమోట్‌ను 24 దగ్గర ఉంచాలి. 2020 జనవరి నుంచి మన దేశంలో కొత్త ఏసీలు ఆ అంకె దగ్గరే మొదలయ్యేలా నిబంధన ఉంది. ఒక్కో డిగ్రీ పెంచితే దాదాపు 6 శాతం కరెంటు మిగులుతుందని కేంద్ర ఇంధన సామర్థ్య సంస్థ బీఈఈ అంచనా. ఏటా గ్యాస్ నింపించుకోవాలని ఎవరైనా అంటే నమ్మవద్దు. గ్యాస్ తిరిగేది మూసిన దారిలో, అది వాడకంతో తరగదు. తగ్గిందంటే ఎక్కడో కారుతున్నట్టే. చేయి తిరిగినవాడు ముందు సబ్బు నురుగు రాసి బుడగ ఎక్కడ లేస్తుందో వెతుకుతాడు, ఆ తర్వాతే సిలిండర్ తెరుస్తాడు.

ఇల్లు మారేటప్పుడు కూడా గ్యాస్ పోనక్కర్లేదు. ఏసీ నడుస్తుండగా మెకానిక్ ఎలెన్ కీతో సన్న పైపు వాల్వు మూస్తాడు. గ్యాసంతా బయటి యూనిట్‌లోకి చేరుతుంది. గేజీ సున్నాకు దిగుతుండగానే లావు పైపు వాల్వు మూసి, వెంటనే ఏసీ ఆపేస్తాడు. ఆలస్యమై లోపలికి గాలి చొరబడితే కంప్రెసర్ పేలే ప్రమాదం ఉంది. ఇంత పనికీ పట్టేది నిమిషాలే. కొత్త ఇంట్లో పాత ఫ్లేర్‌ను మళ్లీ బిగించడు. ఒకసారి నలిగిన రాగి రెండోసారి సరిగా కూర్చోదని చివర కోసి, కొత్త నోరు విప్పుతాడు. మొదటిసారి బిగించిన రోజునే అతను బయటి యూనిట్ వెనక పైపును ఒక చుట్టు చుట్టి వదిలింది ఇందుకే.